కాగితం లేదని మా నటీమణుల్ని వెనక్కి పంపకండి: రాజాం నుంచి ఒక బహిరంగ లేఖ

గౌరవనీయులైన రాష్ట్ర భాషా సాంస్కృతిక శాఖ అధికారులకు, శ్రీకాకుళం, విజయనగరం, పార్వతీపురం మన్యం జిల్లాల కలెక్టర్లకు, రాష్ట్ర చలనచిత్ర, టీవీ, నాటకరంగ అభివృద్ధి సంస్థకు, మా ప్రాంతంలో షూటింగులు చేసే నిర్మాతలకు నమస్కారం.

నేను రాజాం దగ్గర నాటకాలు వేయించే మనిషిని. టీచరుగా చేసి రిటైరయ్యాను. ఈ లేఖ ఒక నటి గురించి, ఆవిడలాంటి మరికొందరి గురించి. ఆవిడ ముప్పై ఏళ్ళకు పైగా మాతో స్టేజీ ఎక్కారు, సినిమాల్లో చిన్న వేషాలు వేశారు, మా నాటకాలకు తెరలు రాశారు. మేమంతా అక్క అంటాం. పేరు రాయొద్దన్నారు కాబట్టి రాయడం లేదు. కళాకారిణిగా గుర్తింపు కోసం ఆవిడ తరఫున అర్జీలు పెట్టాం, వెళ్ళమన్న ప్రతి ఆఫీసుకీ వెళ్ళాం. "చూస్తాం" అన్న మాట తప్ప ఇంకేమీ రాలేదు. అందుకే పదిమందీ చదివేలా రాస్తున్నాను. ఎవరు పట్టించుకోలేదన్నది ఇక్కడ రాయను. ఒక మనిషి మారితే తీరే సమస్య కాదిది, రూలు మారాలి.

ముందు ఆవిడ పని గురించి చెప్పనివ్వండి. ఆఫీసులో ఎవరూ ఇది పూర్తిగా వినలేదు.

అక్క నాన్నగారు నాటకాలకు మేకప్ చేసేవారు, సీను తెరలు రాసేవారు. ఆయన మేకప్‌కి వాడే అర్దళం, సఫేదు పొడులు నూరుతుంటే పక్కన కూర్చుని నేర్చుకున్నారావిడ. తెర రాయడంలో కష్టమంతా రంగు కలపడంలోనే ఉంది. వజ్రం అనే జిగురుని నీళ్ళలో నానబెట్టి, సన్నసెగ మీద కరిగించి, పొడి రంగుల్లో కలపాలి. వజ్రం ఎక్కువైతే తెర చుట్టినప్పుడు రంగు పెళుసుబారి రాలిపోతుంది. తక్కువైతే తాకినవాడి చేతికల్లా అంటుకుంటుంది. మా దగ్గరున్న దర్బారు తెర అక్క రాసిందే. స్తంభాల నీడలు ఎలా పెట్టారంటే, వెనక వరసలో కూర్చున్నవాళ్ళకి ఆ సభ నిజంగా లోపలికి చాలా దూరం ఉన్నట్టు కనబడుతుంది. కింది అంచున రాసినవారి పేరు ఉండాలి కదా, అక్కడ ఆ రోజుల్లో తెరలు అద్దెకిచ్చిన యజమాని పేరుంది. అక్క పేరు ఎక్కడా లేదు.

పదహారో ఏట చంద్రమతి వేషం కట్టారు. ఉత్తరాంధ్ర పల్లెల్లో నాటకం ఎలా నడుస్తుందో తెలియనివాళ్ళ కోసం రెండు ముక్కలు. అమ్మవారి పండగకి ఊళ్ళో రైతులు, మాస్టర్లు, ఆర్టీసీ డ్రైవర్లు హార్మోనిస్టు దగ్గర నెలల తరబడి పద్యాలు నేర్చుకుని వేషాలు కడతారు. ఆడవేషాలకి మాత్రం బయట నుంచి లేడీ ఆర్టిస్టుల్ని బయానా ఇచ్చి పిలుస్తారు. ఆవిడకి రిహార్సల్ ఉండదు. సాయంత్రం బస్సు దిగి, రాత్రికి ముఖానికి రంగేసుకుని, ఎన్నడూ చూడని హరిశ్చంద్రుడి పక్కన నిలబడాలి. ఆయన ఏ శృతిలో ఎత్తుకుంటాడో, ఏ పద్యం దాటేస్తాడో, ఎక్కడ మాట మర్చిపోతాడో కనిపెట్టి అందించాలి. వన్స్‌మోర్ ఆయనకి పడుతుంది. ఆయన్ని తెల్లారేదాకా ఒడ్డుకి చేర్చింది ఈవిడ. నేను పక్కనే ఉండి చూసినవాణ్ణి కాబట్టి చెబుతున్నాను, అది చిన్న విద్య కాదు.

తర్వాత ఒక పరిషత్తు పోటీల్లో చూసి సినిమావాళ్ళు పిలిచారు. మెయిల్ రైలెక్కి మద్రాసు వెళ్ళారు, తర్వాత హైదరాబాదు. పక్కింటావిడ, నర్సు, పెళ్ళిలో హారతి పట్టే ముత్తయిదువ, హీరో స్నేహితుడి తల్లి, అలాంటి వేషాలు. డైలాగు ఉన్న చోట గొంతు ఆవిడది కాదు, యాస పోలేదని వేరేవాళ్ళతో డబ్బింగ్ చెప్పించారు. తల్లికి జబ్బు చేసి తిరిగొచ్చేశారు. కొన్నేళ్ళకి మా వైపు షూటింగుకి వచ్చిన ఒక సినిమాలో పెద్ద నటికి మన యాస నేర్పే పని అక్కకి అప్పజెప్పారు. ఒకప్పుడు ఏ మాటతీరు పనికిరాదన్నారో అదే నేర్పించారు. ఆ పనికి వేరే డబ్బు ఇవ్వలేదు. టైటిల్స్‌లో పేరూ వేయలేదు.

ఇప్పుడు ఆవిడకి అరవై దాటి చాలా కాలమైంది. అందరు పెద్దవాళ్ళలాగే వృద్ధాప్య పింఛను వస్తుంది, 2024 జూలై నుంచి అది 4,000 అయింది, మంచిదే. ఇంటద్దె, బీపీ మాత్రలు, కరెంటు బిల్లు పోగా మిగిలేదానితో నెల గడవదు. కేంద్ర సాంస్కృతిక శాఖ పథకంలో 60 ఏళ్ళు దాటిన పేద కళాకారులకు నెలకు 6,000 వరకు సాయం చేసే వీలుంది. దానికైనా, ఇంకే సాయానికైనా ముందు "ఈవిడ కళాకారిణే" అని ఎవరో ఒకరు రాసివ్వాలి. మా బండి ఆగిపోయింది అక్కడే.

అడిగినవి ఇవీ: ప్రదర్శనల సర్టిఫికెట్లు, అవార్డు పత్రాలు, పేపర్ కటింగులు, ఫొటోలు, సినిమా అయితే పేరు పడిన ఆధారం. న్యాయంగానే కనబడతాయి. కానీ ఈ జాబితా మా జిల్లాల్లో ఎవరి మీద ఎలా పడుతుందో చూడండి.

1. చిన్న వేషాల పని కాగితం లేకుండా జరుగుతుంది. బయానా చేతికిస్తారు, మిగతాది ఆట అయ్యాక ఇస్తారు. సినిమాలో అయితే కోఆర్డినేటర్ ఫోను చేస్తాడు, వ్యాను ఎక్కిస్తాడు, ప్యాకప్ అయ్యాక నోట్లు లెక్కపెడతాడు. ఒకసారి అక్కకి చెప్పింది 1,200, చేతికొచ్చింది 700. మిగతా 500 ఏమైందని అడిగితే మళ్ళీ పిలుపు రాదు. రసీదు లేదు, ఒప్పందం లేదు. కాగితం రాయకుండా పని చేయించుకోవడం అందరికీ అలవాటే. ముసలితనంలో ఆ కాగితం తెమ్మంటే ఎక్కడి నుంచి తెస్తారు?

2. ఉన్న కొద్దిపాటివీ గాలివానకి పోయాయి. 2014 అక్టోబర్ 12న హుద్‌హుద్ వచ్చినప్పుడు అక్క విజయనగరంలో రేకుల ఇంట్లో అద్దెకుండేవారు. రేకులు లేచిపోయాయి. ట్రంకుపెట్టెలోని ఫొటోలు ఒకదానికొకటి అతుక్కుపోయి అట్టముక్కలా అయ్యాయి. నాలుగేళ్ళకి, 2018 అక్టోబర్‌లో, తిత్లీ వచ్చి శ్రీకాకుళం జిల్లాలో ఇంకెంతమంది పెట్టెల్ని ముంచిందో. తుపాన్లు తిరిగే తీరం ఇది. ఇక్కడి పేదవాళ్ళ దగ్గర నలభై ఏళ్ళనాటి కాగితం భద్రంగా ఉండాలని రూలు పెడితే, కాంక్రీటు శ్లాబు ఉన్న కళాకారులే కళాకారులవుతారు.

3. కరపత్రం మీద పేరొకటి, ఆధార్ మీద పేరొకటి. స్టేజీ పేరు పెట్టుకోవడం నాటకరంగంలో మామూలే. ఆడవాళ్ళ విషయంలో దానికింకో కారణం ఉంది. ఇంటిపేరు బయటికొస్తే చెల్లెళ్ళ సంబంధాలు తప్పిపోతాయన్న భయం. అక్కకి మిగిలిన కొన్ని కరపత్రాల్లో "సుప్రసిద్ధ రంగస్థల, సినీ నటీమణి" అని స్టేజీ పేరు ఉంది. పేర్లు కలవలేదు కాబట్టి అవి చెల్లవన్నారు. ఆ కరపత్రాలు అచ్చేయించిన ఊళ్ళలో పెద్దలు ఇంకా బతికే ఉన్నారు, అడిగితే చెబుతారు. ఎవరూ అడగలేదు.

4. జిల్లాలు మారాయి. 2022 ఏప్రిల్ 4 వరకు రాజాం శ్రీకాకుళం జిల్లాలో ఉండేది, ఆ తర్వాత విజయనగరం జిల్లాలోకి వచ్చింది. పాలకొండ మన్యం జిల్లాలోకి వెళ్ళింది. పాత అర్జీ ఒక జిల్లాలో, మనిషి ఇంకో జిల్లాలో. ఇక్కడ అడిగితే అక్కడ అడగమంటారు, అక్కడ అడిగితే ఫైలు పంపేశామంటారు. గీత మార్చింది ప్రభుత్వం. ఆ తిరుగుడు మాత్రం మోకాళ్ళ నొప్పులున్న ఆడమనిషి తిరగాల్సి వస్తోంది.

5. ఇది అన్నిటికంటే పెద్ద విషయం, దయచేసి ఓపిగ్గా చదవండి. మా నాటకాల్లో మగవాళ్ళలో చాలామందికి వేరే ఉద్యోగం ఉంది. మన శ్రీకాకుళం జిల్లా లుకలాం అగ్రహారం నుంచి వచ్చిన జె.వి. సోమయాజులు గారు రెవెన్యూ శాఖలో డిప్యూటీ కలెక్టరుగా చేస్తూనే కన్యాశుల్కంలో రామప్ప పంతులు వేశారు. అంతటి నటుడికి అంతటి గౌరవమూ దక్కింది, మాకందరికీ గర్వకారణం. నాలాంటివాడికి నెల తిరిగేసరికి టీచరు పెన్షన్ బ్యాంకులో పడుతుంది. మాకు నాటకం ముచ్చట. మా పక్కన నిలబడిన ఆడవాళ్ళకి అదే కూడు, అదే గుడ్డ, అదే ఉద్యోగం. వాళ్ళకి పీఎఫ్ లేదు, సెలవు లేదు, గొంతు పోతే ఆ నెల తిండి లేదు. సన్మానాలకి, శాలువాలకి పిలిచేది మమ్మల్ని. ప్రెస్‌వాళ్ళు ఫొటో తీసేది మమ్మల్ని. అంటే మీరడిగే సర్టిఫికెట్లు ఎవరి దగ్గర ఉంటాయి? అవసరం లేని మా దగ్గరే. నా బీరువాలో అలాంటివి దండిగా ఉన్నాయి. అదే స్టేజీ మీద, అదే రాత్రి, నాకంటే రెండింతలు పని చేసిన అక్క దగ్గర లేవు. ఈ జాబితా రాసినవాళ్ళు చెడ్డవాళ్ళని నేననడం లేదు. ఆడవాళ్ళ బతుకు ఎలా నడుస్తుందో వాళ్ళ కళ్ళబడలేదు, అంతే.

6. అద్దె ఇల్లు. నాటకాలావిడ అంటే ఇప్పటికీ ఇల్లివ్వని వీధులున్నాయి. గుర్తింపు కార్డు ఒకటుంటే "ప్రభుత్వం గుర్తించిన కళాకారిణి" అని చూపించుకోగలుగుతారు. డబ్బు కంటే అక్క దాని కోసమే ఎక్కువ అడుగుతారు.

7. భద్రత. ఆట తెల్లవారుజామున అయిపోతుంది. మొదటి బస్సు వచ్చేదాకా నగలు, చీరలున్న పెట్టె పక్కన పెట్టుకుని సెంటర్లో కూర్చోవాలి. బట్టలు మార్చుకునేది బడి గదిలోనో, తెర వెనకో. తాగొచ్చి తెర ఎత్తి చూసేవాళ్ళుంటారు. డబ్బు దగ్గర, రాత్రి బస దగ్గర పేచీ పెట్టే మధ్యవర్తులుంటారు. 2013 నాటి లైంగిక వేధింపుల నిరోధక చట్టం ప్రకారం పదిమంది కంటే తక్కువ పనిచేసే చోట, లేదా ఫిర్యాదు యజమాని మీదే అయినప్పుడు, జిల్లా స్థాయిలో ఉండే లోకల్ కమిటీ దగ్గరకు వెళ్ళొచ్చు. పని మీద వెళ్ళిన చోటూ, యజమాని ఏర్పాటు చేసిన బండీ కూడా ఆ చట్టం కింద పనిచేసే చోటే. మా నాటక బృందాలకు ఇది అచ్చంగా సరిపోతుంది. కానీ మా లేడీ ఆర్టిస్టుల్లో నేనడిగిన ఒక్కరికీ అలాంటి కమిటీ ఉందని తెలియదు.

కన్యాశుల్కం తొలిసారి ఆడింది విజయనగరంలో, 1892లో. మధురవాణి మీద మన జిల్లాల్లో ఎన్ని ఉపన్యాసాలు విన్నామో లెక్క లేదు. ఆ పాత్ర తెలివినీ, గుండెనిబ్బరాన్నీ మెచ్చుకుంటాం. అక్క మధురవాణి కూడా వేశారు. ఆవిడ వేస్తుంటే నవ్వు ఎక్కడ ఆపాలో, చూపు ఎక్కడ తిప్పాలో చూసి మేం నేర్చుకున్నాం. ఆ పాత్రను మెచ్చుకునే ఊరు ఆ వేషం కట్టిన మనిషిని పట్టించుకోకపోవడం నాకు మింగుడుపడదు. తెలుగు సినిమాకి మొదటి కథానాయిక వచ్చింది కూడా నాటకాల నుంచే. 1932 నాటి తొలి టాకీ భక్త ప్రహ్లాదలో లీలావతి వేసిన సురభి కమలాబాయి స్టేజీ మీద పెరిగిన మనిషి. నాటకం చేసే ఆడవాళ్ళు ముందుకు రాకపోతే సినిమాకి ఆడగొంతు ఎక్కడి నుంచి వచ్చేది?

మేం కోరేవి ఇవి.

గుర్తింపు ఇచ్చేటప్పుడు కాగితాలతో పాటు మనుషుల సాక్ష్యాన్ని కూడా తీసుకోండి. అదే ఆటల్లో పనిచేసిన ముగ్గురు తోటి కళాకారులు, నాటకం వేయించిన ఒక ఊరి సర్పంచో, పండగ కమిటీ పెద్దో రాతపూర్వకంగా చెబితే చాలాలి. అనుమానముంటే పిలిచి పాడించండి. జిల్లా కేంద్రంలో ఏడాదికి రెండుసార్లు ఒక హార్మోనిస్టు, ఇద్దరు సీనియర్ నటులు, ఒక అధికారి కూర్చుంటే పది నిమిషాల్లో తేలిపోతుంది. పద్యం ఎత్తుకున్న తీరు చూస్తే వేషం కట్టిన మనిషో కాదో తెలిసిపోదా? నడవలేని వాళ్ళ ఇంటికే వెళ్ళి వినండి. స్టేజీ పేరు, అసలు పేరు ఒకరివేనని తహసీల్దారు దగ్గర ఇచ్చే ప్రమాణపత్రాన్ని అంగీకరించండి.

మూడు జిల్లాల కలెక్టర్లకు ప్రత్యేకంగా ఒక మనవి. 2022కి ముందు పెట్టుకున్న కళాకారుల అర్జీలన్నీ బయటికి తీయించి, ఏది ఏ జిల్లాదో తేల్చి, అర్జీదారులకు ఫోను చేసి చెప్పించండి. వాళ్ళని మళ్ళీ మొదటి నుంచి రమ్మనకండి. లోకల్ కమిటీ ఎక్కడుందో, ఎవరికి ఫోను చేయాలో తెలుగులో రాయించి, నాటకానికి పర్మిషన్ ఇచ్చే ప్రతి కాగితం వెనక అచ్చేయించండి. అదే పర్మిషన్‌లో ఆడవాళ్ళు బట్టలు మార్చుకోవడానికి గడియ ఉన్న ఒక గది, ఒక మరుగుదొడ్డి ఉండాలన్న షరతు పెట్టండి. ఊళ్ళో బడి ఉంది, పంచాయతీ ఆఫీసు ఉంది. తాళం తీయించడానికి ఖర్చేమీ లేదు.

ఇక సినిమా సంగతి. 2022 మార్చిలో ఇచ్చిన టికెట్ ధరల జీవోలో, భారీ బడ్జెట్ సినిమాకి పెంచిన ధర కావాలంటే కనీసం 20 శాతం షూటింగ్ ఆంధ్రప్రదేశ్‌లో చేయాలన్న షరతు పెట్టారు. అంటే షరతు పెట్టడం ప్రభుత్వానికి చేతనవును. అలాగే షూటింగ్ పర్మిషన్‌కి కూడా ఒకటి పెట్టండి: ఇక్కడ పనిలోకి తీసుకునే ప్రతి చిన్న ఆర్టిస్టుకీ పేరు, వేషం, రోజులు, ఇవ్వాల్సిన మొత్తం రాసిన అర ఠావు స్లిప్పు ఇవ్వాలి, డబ్బు నేరుగా వాళ్ళ ఖాతాలో వేయాలి. డైలాగు ఉన్నవాళ్ళ పేరు, యాస నేర్పినవాళ్ళ పేరు టైటిల్స్‌లో పడాలి. నిర్మాతలూ, జీవో వచ్చేదాకా ఆగనక్కర్లేదు. కళింగపట్నం బీచ్‌లోనో, బొబ్బిలి కోట దగ్గరో మీ తర్వాతి షెడ్యూల్‌లోనే ఇది చేయొచ్చు. కోట్లు పెట్టే సినిమాకి ఆ స్లిప్పుల ఖర్చు ఒక పూట టీల ఖర్చు కూడా కాదు. ఆ స్లిప్పే ఇరవై ఏళ్ళ తర్వాత ఒక ముసలామెకి ఆధారమవుతుంది.

మూవీ ఆర్టిస్ట్స్ అసోసియేషన్ 1993 నుంచి ఉంది, వృద్ధులైన సభ్యులకు పింఛను ఇస్తోంది. హైదరాబాదులో స్థిరపడలేక తిరిగొచ్చేసిన మా జిల్లాల నటీనటులు అందులో సభ్యులు కారు. వాళ్ళ కోసం కూడా ఒక దారి ఆలోచించమని ఆ పెద్దలను కోరుతున్నాను.

మా నాటక మిత్రులకూ ఒక మాట. సన్మానపత్రాలున్న ప్రతి ఒక్కరం, మనతో ఆ రాత్రి ఆడిన ఆడవాళ్ళ పేర్లు గుర్తుచేసుకుని, తేదీ, ఊరు వేసి సంతకం పెట్టి వాళ్ళకిద్దాం. నేను మొదలుపెట్టాను. అది మన బాధ్యత, ప్రభుత్వం చెప్పేదాకా చూడక్కర్లేదు.

మొన్న ఈ లేఖ చదివి వినిపిస్తే అక్క అన్నమాట ఉన్నదున్నట్టు రాస్తున్నాను: "నానాడిన ఆటకి కాయితం ఏటుంటాది బాబూ? సూసినోలున్నారు కదా, ఆల్ని అడగమను."

వచ్చే సోమవారం అర్జీల రోజున మళ్ళీ వస్తున్నాం. ఈసారి అక్కతో పాటు ఇలాంటి పరిస్థితిలో ఉన్న మరికొందరు నటీమణులు, వాళ్ళతో కలిసి ఆడిన మేము, పండగ కమిటీల పెద్దలు కూడా వస్తారు. సాక్ష్యం చెప్పడానికి సంతకాలతో సిద్ధంగా ఉంటాం. హార్మోనియం కూడా తెస్తాం. దయచేసి ఒక అధికారిని కూర్చోబెట్టి వినండి. రసీదు ఇవ్వండి. ఎన్ని రోజుల్లో తేలుస్తారో ఆ రసీదు మీద రాయించండి.

ఇట్లు,
రాజాం ప్రాంత నాటక కళాకారుల తరఫున
ఒక రిటైర్డ్ టీచరు